సారుకు చూపించని ఒక్కటి

పోయిన కార్తీక నెల కడపటి మంగళవారం, పగలు మూడు గంటలకు, గుడియాత్తానికి పడమరగా ఉండే కొండ మీద, అమ్మవారి బండ కాడ కూచోని నేనొక పుస్తకాన్ని గట్టిగా చదివినాను. గంట నాకెట్ల తెలుసంటే, మోర్దానా దావలో మూడు గంటల బస్సు మలుపు తిరిగేటప్పుడు హారన్ కొడతాది, అది కొండ పైదాకా వినిపిస్తాది. ఆ పుస్తకం ఇప్పుడు వేలూర్లో నా గదిలో ధనియాల డబ్బా పక్కన ఉండాది. ఈ పొద్దు తెల్లారి డబ్బా తీయబోతే చెయ్యి తగిలి కింద పడింది. అట్టకు పూసిన పసుపు వేలికి అంటుకునింది. చెయ్యి కడుక్కున్నాను, వంట చేసినాను, అందరికీ వడ్డించినాను. మనసు మాత్రం కొండ దిగి రాలేదు. అందుకని రాస్తా ఉండాను.

నాకు అక్షరాలు వచ్చింది యాభై దాటినంక. మొగుడు పోయినంక నేను కొండ దిగి, వేలూర్లో ఆస్పత్రి వీధిలో ఒక లాడ్జీలో వంటకు చేరినాను. ఆంధ్రా నుంచి వైద్యానికి వచ్చేవాళ్ళు ఆడ నెలలకు నెలలు ఉంటారు. అట్ల వచ్చిన ఒకాయనకు పెండ్లాం మదనపల్లి దిక్కు పంతులమ్మ. మొగుడు ఆస్పత్రిలో పండుకోనుంటే ఆమెకు పొద్దు పోదు. "ఇన్ని కూరలు చేసే చేతికి ఒక్క 'అ' రాదా?" అని నన్ను పట్టుకునింది. ఉల్లిగడ్డలు పొట్లం కట్టి వచ్చే తెలుగు పేపర్లమీదే నేర్పించింది. గుడియాత్తంలో పుట్టినదాన్ని, ఇంట్లో తెలుగు, వీధిలో అరవం, చదివేదానికి రెండూ లేవు. ఆమె పుణ్యమా అని తెలుగు వచ్చింది. ఆమె మొగుడు మాత్రం బాగుపడలేదు. పోతాపోతా ఆమె నన్ను కావిలించుకోని ఏడ్చింది. నేనేమో, "చారు ఫ్లాస్కులో పోసినాను, దావలో తాగండి" అన్నాను. నేను అట్లాంటిదాన్నే. నాకు మెత్తటి మాటలు రావు.

పుస్తకం సంగతికి వస్తాను. నేను ఆ కొండమీదికి కోడలుగా పోయిన కొత్తలో ఒక సారు వచ్చి ఒక వానాకాలమంతా ఉండిపోయినాడు. ఐదరాబాదు దిక్కు చదువుకున్నాయన. కొండల్లో ఉండే జనం ఏం నమ్ముతారు, ఎవరిని మొక్కుతారు, దేవుడు మనిషిమీదికి ఎట్ల వస్తాడు, ఇదంతా అడిగి రాసుకునేది ఆయన పని. మేము ఆయన్ని రాసుకునే సారు అంటా ఉంటిమి. మంచి మనిషి. రాగిసంగటి ముద్దను మింగకుండా నమిలేవాడు, దవడలు పట్టేసి మాట రాకుండా కూచునేవాడు. మేము కొంగు నోట్లో కుక్కుకోని నవ్వేవాళ్ళం. ఆయనా నవ్వేవాడు. ప్రతిదానికీ "ఎందుకు?" అంటాడు. మా అత్త దానికి ఒకటే జవాబు, "మా అత్త చేసింది." దాన్నీ రాసుకునేవాడు. "ఈయన కాకి మాదిరి నాయనా, ఏది దొరికినా ముక్కున కరుచుకోని పోతాడు" అనేది ఆమె.

ఆ మా అత్తమీద అమ్మవారు పలికేది. మామూలు దినాల్లో ఆమె మేకలు తోలుకునే ముసలిది, నశ్యం పీల్చేది, నన్ను నాలుగు తిట్టేది. సారు ఒకసారి ఆమెకు మంచు కొండల సంగతి చెప్పినాడు. ఆడ ఒక మనిషి డోలు కొట్టుకుంటా కొట్టుకుంటా తానే ఆకాశంలోకి ఎక్కిపోయి దేవుళ్ళతో మాట్లాడి దిగుతాడంట. మా అత్త నశ్యం చేతిలోనే పెట్టుకోని ఆలోచన చేసింది. "పాపం, అంత చలిలో మనిషినే ఎక్కిస్తారా? మా అమ్మ ముసలిదైనా తానే దిగి వస్తాది సారూ" అనింది. ఆ మాట ఆయనకు ఎంత నచ్చిందో! తరవాత ఆయన రాసిన ఆ పుస్తకంలో మొదటి పేజీలోనే ఉండాది.

మా కొండమీద మనిషి చచ్చిపోతే ఊరికే పెద్దల్లో కలిసిపోడు. చేన్లో కొత్త రాగులు కోసి, ఆ రాగులతో ఇంట్లో సంగటి వండేదాకా గడప బయటే తిరుగుతా ఉంటాడని నమ్మకం. ఆ లోపల ఒకసారి ఆయన్ని పిలిచి, మిగిలిపోయిన మాట ఏదైనా ఉంటే చెప్పించుకుంటారు. అమ్మవారు ఒకరిమీదికి వస్తాది, ఆ నోట్లోంచి పోయినోడు మాట్లాడతాడు. కొత్త సంగటి ఉడికినంక ఇంక ఎంత పిలిచినా పలకడు. అమ్మవారి బండ చుట్టూ రాతిగోడ ఉండాది. పిలిచే ముందర నలుగురు పెద్దలు మాత్రం లోపలికి పోయి చేసేది చేస్తారు. ఆ పని కన్నబిడ్డలు కూడా చూడగూడదు. తప్పెట కొట్టేవాళ్ళూ గోడకు ఇవతలే. లోపలినుంచి కేక వస్తేనే మనం పోవాల.

సారు కొండ దిగి పోయే ముందర ఆ లోపలి పని చూపించమని చేతులెత్తి మొక్కినాడు. అప్పుడు ఊర్లో చావు లేదు. చావు లేకుండా పిలిస్తే అమ్మవారు ఒట్టి చేతుల్తో పోదు, ఒకరిని తీసుకోనే పోతాది. అందుకని మావాళ్ళకు ఒక పద్ధతి ఉండాది. ఎవరికైనా చూపించేదానికి చేస్తే, చేసేదాంట్లో ఒకటి మార్చేస్తారు. ఒక్కటి మారితే అది పిలుపు కాదు, ఆట. ఆటకు అమ్మవారు రాదు. సారును లోపలికి పిలుచుకోని పోయినారు. ఆయన సంతోషంగా బయటికి వచ్చినాడు. సందేళ పొయ్యికాడ మా అత్త పుల్లలు ఎగదోస్తా, "అంతా చూపించినాములే పాపం, ఒకటి మార్చి" అని నవ్వింది. పక్కనుండే పెద్దలు ముగ్గురూ నవ్వినారు. "ఏది మార్చినారు అత్తా?" అన్నాను. "నీకెందుకుమే? నువ్వు కింద ఊరిదానివి" అనింది. అది నిజమే. నేను సంగటి గెలకతా కూచున్నాను.

తరవాత మా అత్త పోయింది. పోయేటప్పుడు నోటికాడ చెవిపెట్టి ఆ నలుగురిలో వయసులో చిన్నాయన లోపలి పనిని ఆమెనుంచి అప్పగింత తీసుకున్నాడు. అమ్మవారు ఆయనమీద పలికింది. మిగతా ఇద్దరూ ఒకరెనక ఒకరు పోయినారు. ఆ చిన్నాయన కరోనా కాలంలో దగ్గుతా ఉంటే కింది ఆస్పత్రికి ఎత్తుకోని పోయినారు. ఆ వార్డులోకి ఎవర్నీ రానీలేదు. ఆయన నోరు యాడనో, వినాల్సిన చెవులు యాడనో. గుడ్డలో చుట్టి మూటగా ఇచ్చినారు. అప్పటినుంచి కొండమీద ఎవరు పోయినా, మిగిలిపోయిన మాటతోనే పెద్దల్లో కలిసిపోతా ఉండారు. జనం అలవాటు పడినారు. జనం దేనికైనా అలవాటు పడతారు.

మా ఆడబిడ్డ అలవాటు పడలేదు. ఆమె మా అత్తకు ఒకే కూతురు. ఇల్లిటం అల్లుణ్ణి తెచ్చుకోని అమ్మగారింట్లోనే ఉండిపోయింది. మా చిన్నమరిది ఆమెను "అక్కా" అంటా ఉంటే విని, ఆమె కొడుకు కూడా అమ్మా అనడం నేర్చుకోలేదు. గడ్డాలు మొలిచినా "అక్కా, సంగటి పెట్టు" అనేవాడు. నా మేనల్లుడు వాడు. షూ కంపెనీలో పనికి పోతా ఉన్నాడు, పని పోయింది, ఇంటికి వచ్చి గమ్మున కూచునేవాడు. ఒకనాడు వాళ్ళ నాయన, కోపిష్టి కాదు, ఏదో చేను దున్ని అలిసిన యాష్టలో, "తిని కూచునేదానికి నువ్వేమన్నా ముసలోడివా?" అన్నాడు. మరునాడు పొద్దున వాడు నీళ్ళకు పోయినాడు. బావిలో తేలినాడు. మెట్లు పాచిపట్టి ఉండాయి. కాలు జారిందో, దూకినాడో, చూసినోళ్ళు లేరు.

అదే ఆమెకు కావాల్సింది. ఒక్క మాట. జారినావా, దూకినావా? జారింటే దేవుడితో కొట్లాడతాది. దూకింటే మొగుడితో ఇంక ఒక ఇంట్లో ఉండలేదు. వాడు పోయిన దినంనుంచి ఆ మనిషితో మాట్లాడలేదు. చేన్లో రాగులు పండి ఎండిపోతా ఉన్నా కొడవలి పెట్టనీలేదు. కోస్తే ఇల్లు చేర్చాల, చేరిస్తే వండాల, వండితే వాడు పలకడు. పిచ్చుకలు తింటా ఉంటే చూస్తా కూచునేదంట.

ఆమె ఒకనాడు ఈ పుస్తకాన్ని తువ్వాలులో చుట్టుకోని లాడ్జీకి వచ్చేసింది. సారు కాలం చేసినంక ఆయన కూతురు ఎవరో కొండకు పంపించిందంట. చదివేవాళ్ళు లేక, అట్టమీద అమ్మవారి బండ బొమ్మ ఉందని, మావాళ్ళు దానికి పసుపు కుంకం పెట్టి అమ్మవారి పెట్టెలో పెట్టేసినారు.

"వొదినా, నీకు చదవను వచ్చు గదా. దీంట్లో లోపలి పని ఉండాదంట. చదువు" అనింది.

నేను కూరగాయలు తరిగే పీట పక్కకు జరిపినాను. "ఉంటాదిమే. ఉన్నా పనికిరాదు. సారుకు చూపించేటప్పుడు మీ అమ్మ ఒకటి మార్చింది. నేను చెవులారా విన్నాను."

"ఏది మార్చింది?"

"నాకు చెప్పలేదు. కింద ఊరిదానివి అనింది."

ఆమె పుస్తకానికి చుట్టిన తువ్వాలు మడత పెట్టింది. మళ్ళా అనింది. "ఒకటే గదా వొదినా మార్చింది? మిగతాదంతా నిజమే గదా? ఒకటి తప్పుంటే నా బిడ్డ రాకుండా పోతాడా? వాడికి మాత్రం చెప్పాలని ఉండదా?"

"సాంబారు దించి వస్తాను, ఉండు" అన్నాను.

మధ్యాన్నాలు వంట అయినంక కూచోని ఆ పుస్తకాన్ని కూడబలుక్కోని చదివినాను. ఆయన చూసింది చూసినట్టు రాసినాడు, ఒక్క అబద్ధం లేదు. మా అత్త నశ్యం, మేకల వాసన, మా కొండమీద వాన బండలమీదినుంచి కారే తీరు, నన్ను కూడా, "ఎప్పుడూ చేతులు ఖాళీగా లేని కొత్తకోడలు" అని. నన్ను గురించి అంతకుముందు ఎవరూ ఏమీ రాసింది లేదు. కడాకు ఇట్ల ఉండాది: "నేను వెళ్ళిన ప్రతి కొండ మీదా జనం నాకు అన్నీ చూపించారు, ఏదో ఒక్కటి తప్ప. ఆ ఒక్కటి దాచుకున్నందుకు వాళ్ళను గౌరవిస్తాను." అంటే ఆయనకు తెలుసు. తెలిసి సంతోషపడినాడు. నాకు కోపం వచ్చింది. గౌరవం ఎవరికి కావాల సారూ? ఇంకా నాలుగు మార్లు ఎందుకు అని అడిగుండగూడదా? మళ్ళా అనుకున్నాను, అడిగినా మా అత్త చెప్పేదా? చచ్చినా చెప్పదు. చచ్చింది, చెప్పలేదు.

ఆ మంగళవారం గోడ లోపలికి పోయినాము. తప్పెట కొట్టే తాత మాత్రం గోడ బయటే నిలబడతానన్నాడు, పద్ధతి తప్పకూడదని. ఆయన కోడలు, నాట్రంపల్లి పిల్ల, ఈ మధ్యనే పెండ్లయి వచ్చింది, కుండ మోసుకోని మా ఎనకాల వచ్చింది. మా ఆడబిడ్డ మొగుణ్ణి ఎవరూ పిలవలేదు. ఆయనే వచ్చి దూరంగా, గోడ వాకిటి కాడ కూలబడినాడు.

నేను చదవతా పోయినాను, మా ఆడబిడ్డ చేస్తా పోయింది. ఎడమ చేత్తో అలకాల, అలికింది. పిడికెడు వడ్లు పోయాల, పోసింది. దానిమీద ఊటనీళ్ళ కుండ. కుండకు పోయినోడు కట్టి విడిచిన గుడ్డ. వాడి కంపెనీ నీలం చొక్కా తెచ్చింది, చేతులు కుండచుట్టూ తిప్పి ముడి వేసింది. దీపం పడమరకు తిప్పింది. కుండ మూతికి నోరు ఆనించి వాడి పేరు పిలిచింది. తాత తప్పెట ఎత్తుకున్నాడు. మేమంతా ఒకరి ముఖం ఒకరం చూసుకుంటా కూచున్నాము, ఎవరిమీదికి వస్తాదో అని. నాకు నమ్మకం ఉండిందా అంటే, అప్పుడు మాత్రం నా మీదికి వచ్చినా బాగుండు అనుకున్నాను.

రాలేదు. గాలి కూడా రాలేదు.

మా ఆడబిడ్డ లేచి నిలబడింది. "వడ్లు! వొదినా, ఈ కొండమీద వడ్లు ఎప్పుడు పండినాయి? మావాళ్ళు రాగులే పోసుంటారు. అదే మార్చింది!" ఆమె ముఖంలో ఆ ఎలుగు నేను మరిచిపోలేను. నాకూ నిజమే అనిపించింది. ఆమె పరిగెత్తి పోయి చేను గట్టునుంచి రెండు కంకులు నలిపి తెచ్చింది. కుండ ఎత్తి, వడ్లు తోసేసి, రాగులు పోసింది. మళ్ళా పిలిచింది. మళ్ళా తప్పెట.

రాలేదు. అయితే చెయ్యి మార్చినారేమో అని కుడిచేత్తో అలికింది. దీపం తూర్పుకు తిప్పింది. చొక్కాను తడిపి చుట్టింది. ఒకటి మార్చి చూసి, దాన్ని మళ్ళా సరిచేసి, ఇంకొకటి మార్చి చూస్తా పోయింది. కొంతసేపటికి ఏది మొదటిదో, ఏది మార్చిందో మాకే తెలియకుండా పోయింది. నేను పేజీ చూసి చెప్తా ఉంటే నా నోరు ఎండిపోయింది. గోడ బయటినుంచి తాత, "పోదుం మా, పోదుం, ఇంక చాలు. చేతులు లేయడం లేదు తల్లీ" అన్నాడు. "కొట్టు నాయనా, ఇంకొక్క తూరి" అని మా ఆడబిడ్డ అరిచింది.

ఆ తూరి నాట్రంపల్లి పిల్ల ఊగింది. తల ఎనక్కు పడేసి, జుట్టు ఇరబోసుకోని, వణకతా వణకతా, "అమ్మా... కాలు జారిందమ్మా... పాచిమీద కాలు జారింది... నేను దూకలేదమ్మా..." అనింది.

వాకిటి కాడ ఆ మొగమనిషి లేచినాడు. "నాయనా! నా నాయనా!" అంటా మోకాళ్ళమీద పాకతా వచ్చి, ఆ పిల్ల కాళ్ళకాడ పడిపోయి ఏడ్చినాడు. నలభై ఏండ్లుగా చూస్తా ఉండాను, ఆయన ఏడ్చింది నేను చూడలేదు. కొడుకును పూడ్చినప్పుడు కూడా.

మా ఆడబిడ్డ ఏడవలేదు. ఆ పిల్ల ముఖాన్ని రెండు చేతులా పట్టుకోని చూసింది. తరవాత తన కొంగుతో ఆ పిల్ల చెమట తుడిచింది. "చాల్లే పాపా. లెయ్యి. నా కొడుకు నన్ను అమ్మా అని ఒక్కనాడూ పిలవలేదు" అనింది.

పిల్ల ఊగడం నిలిపేసింది. "మన్నించు పెద్దమ్మా, నువ్వు పడే కష్టం చూడలేక..." అని నేలమీద ముఖం పెట్టుకునింది. ఎవరూ ఆ పిల్లను ఏమీ అనలేదు. కింద పడిన మొగమనిషి లేవలేదు. ఆయనకూ తెలుసు, వాడు తల్లిని ఏమని పిలుస్తాడో. విన్నప్పుడే తెలిసుంటాది. తెలిసీ పాకినాడు.

మా ఆడబిడ్డ కుండ నీళ్ళు బండమీద కుమ్మరించింది. చొక్కా పిండి భుజాన వేసుకునింది. పుస్తకం నా ఒడిలోనుంచి తీసి, అట్ట తుడిచి, "నువ్వే పెట్టుకో వొదినా, నాకు చదవను రాదు" అని ఇచ్చేసింది. ఇంటికి పోయి కొడవలి తెచ్చుకునింది. పొద్దు గుంకే లోపల రాగులు కోయడం మొదలుపెట్టింది. నేనూ ఒక కొడవలి అడిగి తీసుకున్నాను. తాత వద్దన్నా వచ్చినాడు. ఆ పిల్ల మోపులు కట్టింది. మొగుడు చేను ఆ చివరనుంచి కోస్తా వచ్చినాడు, పెండ్లాం ఈ చివరనుంచి కోస్తా పోయింది. నడిమధ్యలో ఇద్దరూ ఎదురైనారు. తల ఎత్తకుండానే ఎవరి మోపు వాళ్ళు ఎత్తుకోని పోయినారు. కొత్త సంగటి ఎప్పుడు వండిందో నాకు తెలియదు. నేను మరునాడే దిగి వచ్చేసినాను. వండే ఉంటాది. ఇంట్లో వేరే గింజ లేదు.

ఆ పొయ్యికాడ మా అత్తావాళ్ళు నవ్వినప్పుడు వాళ్ళకు ఒక ధైర్యం, నిజమైంది మా నోట్లో ఉందిలే అని. నోర్లు పోతాయని ఎవరికీ తోచలేదు. కాలం పోయేటప్పుడు చప్పుడు చెయ్యదు, మనకు ఉన్నింది పోయిందని దాని అక్కర పడిన దినమే తెలిసేది.

ఆ దినం ఆడ ఉన్నోళ్ళు: మా ఆడబిడ్డ. ఆమె మొగుడు. గోడ బయట తప్పెట తాత. ఆయన కోడలు, నాట్రంపల్లి పిల్ల. నేను. నా ఒడిలో పసుపు పుస్తకంలో మా అత్త, ఆమె పక్కన ఆ ముగ్గురు పెద్దలు, ఎప్పుడు తీసినారో, నవ్వుతా ఉండే ఫోటో. మా మేనల్లుడు వచ్చినాడో, గోడ కాడ నిలబడి సరైన పిలుపు కోసరం చూసి చూసి పోయినాడో, మాకు తెలియదు.